అటెండెన్స్ అక్కర్లేదన్న ఐటీఐ వద్దమ్మా

ప్రశ్న: మాది ముమ్మిడివరం దగ్గర పల్లెటూరండి. మా ఆయన కువైట్‌లో ఉంటారు. అబ్బాయికి పదిలో 341 మార్కులు వచ్చాయి. పుస్తకం పట్టడు గానీ రొయ్యల చెరువుల మీద ఏరేటర్ (నీళ్లలో గాలి కలిపే మోటారు చక్రం) ఆగిందంటే వీడికే ఫోన్ చేస్తారు. ఐటీఐలో చేరతానంటున్నాడు. మా మరిదేమో ఐటీఐ అంటే పరువు తక్కువ, ఇంటర్ ఎంపీసీలో వెయ్యి అంటున్నారు. ఒక ప్రైవేటు ఐటీఐ తరఫున ఒకాయన ఇంటికొచ్చి, అటెండెన్స్ అక్కర్లేదు, పరీక్షలకు వస్తే చాలు, సర్టిఫికెట్ మా పూచీ అన్నాడు. ఏం చేయమంటారు?

జవాబు: అమ్మా, ముందు ఆ చివరాయన సంగతి తేల్చేద్దాం. ఆయన మళ్లీ వస్తే కాఫీ ఇచ్చి పంపించేయండి, డబ్బు మాత్రం ఇవ్వకండి. ఇంత గట్టిగా ఎందుకు చెబుతున్నానంటే, నేను కొత్తలో అలాంటి ఒక కాలేజీలో కొన్నాళ్లు పాఠాలు చెప్పాను. లేత్ మెషీన్‌కి వేసిన ప్లాస్టిక్ కవరు తనిఖీ రోజున తప్ప తీసేవాళ్లు కాదు, పిల్లలు రికార్డులో బొమ్మలు మాత్రం అందంగా గీసేవాళ్లు. అందులో ఇద్దరు గల్ఫ్ వెళ్దామని ట్రేడ్ టెస్టుకు, అంటే చేత్తో పని చేయించి చూసే పరీక్షకు వెళ్తే, మోటారు స్టార్టర్‌కి కనెక్షన్ ఇవ్వమన్నారట. సర్టిఫికెట్ చేతిలోనే ఉంది, పని రాలేదు, ఇద్దరూ వెనక్కి వచ్చేశారు. మీ ఆయన అక్కడే ఉన్నారు కాబట్టి ట్రేడ్ టెస్టు అంటే ఏంటో ఆయన్నే అడగండి, నాకన్నా బాగా చెబుతారు.

ఇక మరిదిగారి మాట. ఎంపీసీ మంచి గ్రూపే, కాదనను. కానీ పుస్తకం పట్టని పిల్లాణ్ణి రెండేళ్లు హాస్టల్లో పెట్టి పొద్దున ఐదింటి నుంచి రాత్రి పదింటిదాకా ఐఐటీ పేరుతో తోమితే పరువు పెరుగుతుందా? పైగా ఐటీఐతో చదువు ఆగిపోతుందన్నది పాత మాట. పది తర్వాత ఐటీఐలో రెండేళ్ల ట్రేడ్ (ఒక్కో పనికీ ఉండే కోర్సు) పాసైనవాళ్లు బ్రిడ్జి కోర్సు చేసి, ప్రవేశ పరీక్ష రాసి, పాలిటెక్నిక్‌లో నేరుగా రెండో ఏడాదిలో చేరొచ్చు. అక్కడ డిప్లొమా అయ్యాక ఈసెట్ అనే ప్రవేశ పరీక్ష రాస్తే బీటెక్ కూడా రెండో ఏడాదే. దారి కాస్త చుట్టు, అంతే.

మీవాడికి ఎలక్ట్రీషియన్ ట్రేడ్ సరిపోతుందని నాకనిపిస్తోంది. రెండేళ్లు. సైన్సు, లెక్కలతో పది పాసై ఉండాలి, అది ఉంది. సీట్లు పది మార్కుల మీదే ఇస్తారు, ఈ ట్రేడ్‌కి పోటీ ఎక్కువ, అందుకని ప్రభుత్వ ఐటీఐల్లో మొదటి విడత కౌన్సెలింగ్‌కే అప్లై చేయించండి. రెండో ఆప్షన్‌గా రిఫ్రిజిరేషన్, ఏసీ ట్రేడ్ పెట్టండి. మన వైపు దాని విలువ చాలామందికి తెలియదు. రొయ్య పట్టిన దగ్గర నుంచి ఐసు ఫ్యాక్టరీ, ప్రాసెసింగ్ ప్లాంటు, కోల్డ్ స్టోరేజీ, కంటైనర్ లారీ, అన్నీ చల్లదనం మీద నడిచేవే. పెద్ద ప్లాంట్లలో అమ్మోనియా గ్యాసుతో పని, అది తెలియనివాడి చేతిలో పెడితే ప్రాణాలకే ముప్పు, అందుకే చదివి నేర్చుకున్నవాడికి గిరాకీ. వెల్డర్ ఏడాది కోర్సు. అది కూడా బాగుంటుంది, కానీ పైపు వెల్డింగ్‌లో సిక్స్‌జీ టెస్టు (ఏటవాలుగా బిగించిన పైపును తిప్పకుండా చుట్టూ అతికే పరీక్ష) దాకా వెళ్లే ఓపిక ఉన్నవాడికే అసలు డబ్బులు.

"చెరువుల మీద పని వచ్చేసింది కదా, ఇక చదువెందుకు" అని మీకు అనుమానం రావచ్చు. వీడు నేర్చుకున్నది చూసి నేర్చుకున్నది. కాలిపోయిన కెపాసిటర్ మార్చడం తెలిసే ఉంటుంది, అసలది ఎందుకు కాలిందో తెలుసా? ఉప్పు గాలికి, తడికి మోటారు వైండింగ్ ఇన్సులేషన్ పాడైతే మెగ్గర్‌తో, అంటే ఇన్సులేషన్ కొలిచే మీటరుతో కొలిచి ముందే పట్టుకోవచ్చు. ఎర్తింగ్ సరిగా లేని త్రీఫేజ్ లైను, తడి గట్టు, చెప్పుల్లేని ఒట్టి కాళ్లు. ఈ మూడూ కలిస్తే ఏమవుతుందో మన ఊళ్లలో వేరే చెప్పక్కర్లేదు. తెల్లవారుజామున నీళ్లలో ఆక్సిజన్ పడిపోయే వేళ కరెంటు పోయి, జనరేటర్ మొరాయించి, రైతు పక్కన నిలబడి అరుస్తుంటే చేతులు వణకకుండా పని చేయాలంటే ఆ లెక్కలన్నీ బుర్రలో ఉండాలి. మీవాడికి చెయ్యి తిరిగిందమ్మా, ఆ చేతికి కాస్త థియరీ కావాలి.

కాలేజీ ఎలా ఎంచుకోవాలంటే, బిల్డింగ్ చూడకండి, ఫ్లెక్సీ మీద ఫొటోలు చూడకండి, తిన్నగా వర్క్‌షాపులోకి వెళ్లండి, మీకు మొహమాటమైతే మరిదిగార్ని తీసుకెళ్లండి, ఆయనకూ ఒక పని దొరుకుతుంది. త్రీఫేజ్ కనెక్షన్ ఉందా, మెషీన్ల మీద నూనె మరకలున్నాయా, దుమ్ముందా, ఇన్‌స్ట్రక్టర్లు ఎంతమంది, వాళ్లకు ఇన్‌స్ట్రక్టర్ ట్రైనింగ్ ఉందా అని చూడండి. రెండో ఏడాది కుర్రాణ్ణి పక్కకు పిలిచి "పోయిన వారం చేత్తో ఏం చేశావు బాబూ?" అని అడగండి. నసిగాడంటే వచ్చేయండి. ఐటీఐకి కేంద్రం ఇచ్చే గుర్తింపు (జనం ఎన్‌సీవీటీ అఫిలియేషన్ అంటారు) కాలేజీ మొత్తానికి కలిపి రాదు, ట్రేడ్ వారీగా, యూనిట్ (బ్యాచ్) వారీగా వస్తుంది. ఫిట్టర్‌కి ఉండి ఎలక్ట్రీషియన్‌కి లేకపోవచ్చు. కాగితం చూపించమనండి. ఫీజు రీయింబర్స్‌మెంట్ వస్తుందని నోటిమాటగా చెబితే అది కూడా కాగితం మీద అడగండి.

రెండేళ్లు అయ్యాక చాలామంది చేసే తప్పు, అప్రెంటిస్‌షిప్ వదిలేసి వెంటనే ఎనిమిది, తొమ్మిది వేలకు ఏదో షాపులో కూర్చోవడం. 1961 నాటి అప్రెంటిస్ చట్టం ప్రకారం కంపెనీలు ఐటీఐ పిల్లల్ని తీసుకుని స్టైపెండ్ ఇచ్చి పని నేర్పాలి. రాజమండ్రి ఓఎన్‌జీసీ తీసుకుంటుంది, విశాఖలో నేవల్ డాక్‌యార్డ్‌కి ఏకంగా అప్రెంటిస్ స్కూలే ఉంది, పదిలో, ఐటీఐలో మార్కులు చూసి పరీక్ష పెడతారు. అందుకే రెండేళ్లూ మార్కుల్ని తేలిగ్గా తీసుకోవద్దని చెప్పండి.

గవర్నమెంటు ఉద్యోగం సంగతి మీరు అడగలేదు గానీ మరిదిగారు తప్పకుండా అడుగుతారు. రైల్వేలో అసిస్టెంట్ లోకో పైలట్‌కి పదితో పాటు ఐటీఐ ఉంటే అర్హత. 2019లో గ్రామ, వార్డు సచివాలయాల్లో ఎనర్జీ అసిస్టెంట్లను (కరెంటు లైన్ల పని చూసేవాళ్లను) తీసుకున్నప్పుడు ఎలక్ట్రికల్, వైర్‌మన్ ఐటీఐ వాళ్లూ, ఒకేషనల్ ఇంటర్‌లో ఎలక్ట్రికల్ చేసినవాళ్లూ అర్హులు, స్తంభం ఎక్కే పరీక్ష కూడా పెట్టారు. అలాంటి నోటిఫికేషన్ ఎప్పుడు పడుతుందో ఎవరూ చెప్పలేరు, దాని కోసం ఇంట్లో కూర్చోబెట్టకండి.

పది మెమో, టీసీ, కుల, ఆదాయ ధ్రువపత్రాలు, ఆధార్ జిరాక్సులు రెండేసి సెట్లు తీసి పెట్టుకోండి. చేరేలోపు చెరువు పనికి ఎవరైనా పిలిస్తే వెళ్లనివ్వండి, ఆపొద్దు. కాకపోతే మెయిన్ ఆపి, ఫ్యూజులు ఊడదీసి తన జేబులో వేసుకుని, కాళ్లకు బూట్లు వేసుకున్నాకే మోటారు మీద చెయ్యి వేయమనండి. అవతల రైతు ఎంత తొందరపెట్టినా సరే.