ఇంట్లో నెట్ కనెక్షన్ లేకుండా పీసీ యాక్షన్ గేమ్‌ను ఆండ్రాయిడ్ ఫోన్‌లో ఆడొచ్చా?

మీ ప్రశ్న అర్థమైంది: ఊరు రాయగడ దగ్గర, ఫోన్‌లో రోజుకు 1.5 జీబీ డేటా, పీసీ కింది గదిలో, ఆడాలనుకునేది మేడ మీద. ఆడొచ్చండీ. ఇంటర్నెట్ అక్కర్లేదు, రౌటర్ ఒక్కటుంటే చాలు. గేమ్ పీసీలోనే నడుస్తుంది, ఫోన్‌కి బొమ్మ మాత్రమే వస్తుంది. అది ఇంట్లో తిరిగే డేటాయే కాబట్టి మీ 1.5 జీబీ తగ్గదు. అదే మొబైల్ డేటా మీద ఆడితే 10 ఎంబీపీఎస్ దగ్గర గంటకు 4.5 జీబీ అవుతుంది.

రాయగడలోనో పార్వతీపురంలోనో కంప్యూటర్ షాపులో అడగండి, పాత డ్యూయల్ బ్యాండ్ (2.4, 5 గిగాహెర్ట్జ్ వైఫై రెండూ ఇచ్చే) రౌటర్ అయినా సరిపోతుంది. దాన్ని పీసీ పక్కన పెట్టొద్దు. 5 గిగాహెర్ట్జ్ సిగ్నల్ శ్లాబు దాటేసరికి బాగా నీరసపడుతుంది. రౌటర్ మేడ మీద పెట్టి, పీసీ నుంచి లాన్ కేబుల్ పైకి లాగండి. 100 మీటర్ల వరకు ఇబ్బంది లేదు. కేబుల్‌ను రౌటర్‌లో ఇంటర్నెట్ కోసం ఉండే వాన్ పోర్టులో కాదు, లాన్ పోర్టులో గుచ్చాలి.

పీసీలో సన్‌షైన్ (గేమ్ బొమ్మను పంపే ప్రోగ్రాం), ఫోన్‌లో మూన్‌లైట్ (దాన్ని అందుకునే యాప్) వేయండి. దించుకోవడానికి ఆ ఒక్కసారి హాట్‌స్పాట్ చాలు. పీసీ బ్రౌజర్‌లో https://localhost:47990 అని కొట్టి సన్‌షైన్ పేజీ తెరిస్తే భద్రత హెచ్చరిక వస్తుంది. అది మీ సొంత పీసీయే, ముందుకు వెళ్లండి. యూజర్ నేమ్, పాస్‌వర్డ్ పెట్టుకుని, మూన్‌లైట్ చూపే పిన్ అక్కడ కొట్టాలి. మూన్‌లైట్‌లో పీసీ కనబడకపోతే విండోస్‌లో ఆ నెట్‌వర్క్‌ను ప్రైవేట్‌గా మార్చండి. అప్పటికీ రాకపోతే మూన్‌లైట్‌లో పీసీ ఐపీ అడ్రస్ చేత్తో ఇవ్వండి.

చాలామంది ఆగిపోయేది ఇక్కడే: వైఫైలో ఇంటర్నెట్ లేదని ఫోన్ తనంతట తాను మొబైల్ డేటాకి మారిపోతుంది, పీసీ మాయమవుతుంది. ఆడేటప్పుడు మొబైల్ డేటా ఆపేయండి. మానిటర్ తీగ కూడా పీకొద్దు, నల్ల తెర వస్తుంది.

మూన్‌లైట్‌లో మొదట 720పి, సెకనుకు 60 ఫ్రేములు, 10 ఎంబీపీఎస్ పెట్టండి. నిలకడగా ఉంటే 1080పి, 20 ఎంబీపీఎస్‌కి వెళ్లండి. మూన్‌లైట్ సెట్టింగుల్లో పెర్ఫార్మెన్స్ లెక్కలు తెర మీద చూపే ఆప్షన్ ఆన్ చేస్తే తప్పెక్కడుందో తెలిసిపోతుంది. నెట్‌వర్క్‌లో ఫ్రేములు పోతుంటే రౌటర్‌ను ఫోన్ దగ్గరికి జరపాలి. డీకోడింగ్ (వచ్చిన బొమ్మను ఫోన్ విప్పే) సమయం ఎక్కువుంటే ఫోన్ మోయలేకపోతోందని అర్థం, రిజల్యూషన్ తగ్గించాలి. దెబ్బ కాచుకునే క్షణం తప్పుతోందంటే గేమ్ సెట్టింగుల్లో వీసింక్ (ఫ్రేములను మానిటర్ వేగానికి జత చేసే ఆప్షన్) ఆపి, ఫ్రేములు 60కి కట్టేయండి.

తెర మీది బటన్లతో యాక్షన్ గేమ్ ఆడటం నరకం. ఓటీజీ తీగతో ఫోన్‌కి గేమ్‌ప్యాడ్ పెట్టుకోండి. బ్లూటూత్ ప్యాడ్ అయితే వైఫై తప్పకుండా 5 గిగాహెర్ట్జ్‌లోనే ఉండాలి, 2.4లో రెండూ ఒకదానికొకటి అడ్డుపడతాయి.

పీసీ లేకుండా ఫోన్‌లోనే నడపాలంటే విన్‌లేటర్ అనే యాప్ ఉంది. కానీ స్నాప్‌డ్రాగన్ చిప్ ఉన్న ఫోన్, పాత డైరెక్ట్‌ఎక్స్ 9 కాలపు గేమ్ అయితేనే దాని జోలికి వెళ్లండి. పైగా ఫోన్ బాగా వేడెక్కుతుంది.