పీఎంఐ తప్పించుకోవడానికి చేతిలో డబ్బంతా ఊడ్చిపెట్టకండి

ప్రశ్న: నా వయసు 34. డాలస్ శివార్లలో ఉంటున్నాం. హెచ్‌-1బీ మీద సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. ఏడాదికి లక్షన్నర డాలర్ల జీతం, నెలకు చేతికొచ్చేది 9,200. గ్రీన్ కార్డ్ ఇంకా పెర్మ్ (కార్మిక శాఖ అనుమతి) దశలోనే ఉంది. నా భార్యది హెచ్‌-4, అంటే డిపెండెంట్ వీసా, పనిచేయడానికి అనుమతి లేదు. నాలుగేళ్ల పాప ఉంది. రెంట్ 2,300, కారు లోన్ 620 కడుతున్నాం. బిల్డర్ దగ్గర 5 లక్షల 40 వేల డాలర్ల కొత్త ఇల్లు చూశాం. వడ్డీ 6.5 శాతం అన్నారు. పీఎంఐ (20 శాతం కంటే తక్కువ కడితే లెండర్ రక్షణ కోసం మనతో కట్టించే ఇన్సూరెన్స్) పడకుండా 20 శాతం డౌన్ పేమెంట్ కట్టాలని మా ఆలోచన. సేవింగ్స్ 68 వేలు ఉన్నాయి, ఆఫీసు రిటైర్మెంట్ ఖాతా 401కె మీద 30 వేలు లోన్ తీస్తాను. ఖమ్మంలో నాన్నగారు, రిటైర్డ్ టీచర్, సొంతింటి కాగితాలు బ్యాంకులో పెట్టి 25 లక్షల రూపాయలు పంపుతానన్నారు. ఆ ఈఎంఐ నేనే కడతాను. లెండర్‌కు గిఫ్ట్ లెటర్ ఇస్తే చాలట. ఫ్రెండ్స్ అందరూ కొనేశారు, మా రెంట్ మాత్రం దండగవుతోంది. ఈ ప్లాన్ సరైనదేనా?

జవాబు: కాదు. ఇల్లు కొనాలన్న కోరికలో తప్పేమీ లేదు. కొనడానికి మీరు ఎంచుకున్న దారే తప్పు. ఇదే లెక్క ఒకసారి ఆస్టిన్ నుంచి, ఒకసారి షార్లెట్ నుంచి, మరోసారి అట్లాంటా నుంచి నా దగ్గరకు వస్తూనే ఉంది. అందుకే మీ ఉత్తరానికి ఇంత వివరంగా రాస్తున్నాను.

20 శాతం అంటే లక్షా 8 వేలు. కొనుగోలు పూర్తిచేసేటప్పుడు పడే క్లోజింగ్ ఖర్చులు, ఎస్క్రోలో (ట్యాక్స్, ఇన్సూరెన్స్ కోసం లెండర్ దగ్గర ఉండే ఖాతా) ముందుగా వేయాల్సినవి కలిపి మరో 15 వేలు అనుకుందాం. మొత్తం లక్షా 23 వేలు. మీ 68 వేలు, 401కె నుంచి 30 వేలు, నాన్నగారు పంపే సుమారు 28 వేలు కలిపితే లక్షా 26 వేలు. అంటే తాళాలు చేతికొచ్చే రోజున మీ ముగ్గురి దగ్గర మిగిలేది 3 వేల డాలర్లు. బిల్డర్ ఇళ్లు చాలావాటికి కిటికీల బ్లైండ్స్ ఉండవు, ఫ్రిజ్, వాషర్-డ్రయర్ మీరే కొనుక్కోవాలి. ఆ 3 వేలు మొదటి వారంలోనే అయిపోతాయి. ఆ తర్వాత క్రెడిట్ కార్డే దిక్కు.

ఇదంతా పీఎంఐ తప్పించుకోవడం కోసం. 10 శాతమే కడితే మీకు పీఎంఐ నెలకు 200 డాలర్ల చుట్టుపక్కల పడొచ్చు. అప్పు పెరుగుతుంది కాబట్టి నెల కిస్తీ మరో 340 పెరుగుతుంది. అంటే 20 శాతం కట్టి మీరు ఆదా చేసేది నెలకు సుమారు 540. దానికోసం నెత్తిన పెట్టుకుంటున్నవి రెండు అప్పులు. 401కె లోన్‌కు ఐదేళ్లపాటు నెలకు 615 దాకా పోతుంది. నాన్నగారి 25 లక్షలకు 11 శాతం వడ్డీతో ఐదేళ్లంటే ఈఎంఐ 54 వేల రూపాయలు, డాలర్లలో మరో 610. నెలకు 540 మిగుల్చుకోవడానికి 1,225 కట్టబోతున్నారు. పీఎంఐ శాశ్వతం కూడా కాదు. బాకీ ఇంటి అసలు విలువలో 80 శాతానికి దిగితే తీసేయమని మీరే అడగొచ్చు, కిస్తీలు సక్రమంగా కడుతుంటే 78 శాతానికి లెండర్ దానంతటదే తీసేయాలి. 1998 నుంచి చట్టం ఉంది. మీ చేతిలో క్యాష్ ఉంచుకోవడానికి నెలకు 200 ఇవ్వడం మంచి బేరం. దాన్ని శత్రువులా చూడకండి.

ఇక నేను ఎప్పుడూ పోరు పెట్టే విషయం, ఎమర్జెన్సీ ఫండ్. మీ ఉత్తరంలో ఆ మాటే లేదు. ఇల్లు కొనేటప్పుడు చాలామంది డౌన్ పేమెంట్‌కు ఎంత కావాలో లెక్కేస్తారు. కొన్న మర్నాడు ఎంత మిగలాలో లెక్కెయ్యరు. నా దగ్గరకు వచ్చేవాళ్లకు ఆ రెండో లెక్కే ముందు వేయిస్తాను.

మీది ఒకటే జీతం. వీసా ఆ జీతాన్ని పట్టుకుని ఉంది. రేపు లే ఆఫ్ అయితే మీకున్న గడువు ఎక్కువలో ఎక్కువ 60 రోజులు. ఆలోపు కొత్త కంపెనీ పిటిషన్ వేయాలి, లేదా స్టేటస్ మార్చుకోవాలి, లేదా దేశం వదలాలి. రెంటు ఇంట్లో ఉంటే లీజు బ్రేక్ చేసి రెండు నెలల అద్దె పోగొట్టుకుంటారు, అంతే. సొంతిల్లయితే దాన్ని అమ్మాలి. లిస్ట్ చేయాలి, కొనేవాళ్లు రావాలి, ఇన్‌స్పెక్షన్, అప్రైజల్, క్లోజింగ్ అయ్యేసరికి మూడు నాలుగు నెలలు సులువుగా పడుతుంది. కమీషన్లు, టైటిల్ ఖర్చులు కలిపి 6 శాతం పోయిందనుకుంటే 32 వేల డాలర్లు. కొన్న ఏడాదికే అమ్మాల్సి వస్తే ఆ డబ్బు మీ డౌన్ పేమెంట్‌లోంచే పోతుంది.

"ఇంట్లో పెట్టిన డబ్బు ఎక్కడికి పోతుంది, అవసరమైతే దాని మీద తీసుకుంటాం" అని చాలామంది ధీమాగా అంటారు. మీరుండేది టెక్సస్. అక్కడ హోమ్ ఈక్విటీ లోన్ తీసుకున్నా మొత్తం అప్పులు ఇంటి విలువలో 80 శాతం దాటకూడదని రాష్ట్ర రాజ్యాంగంలోనే ఉంది. మీరు 20 శాతం కట్టి 80 శాతం అప్పుతో కొంటున్నారు. ధర పెరగనంత వరకు ఆ లక్షా 8 వేలలోంచి ఒక్క డాలర్ కూడా బయటికి రాదు. ధర పెరిగినా, ఉద్యోగం లేనివాడికి ఏ బ్యాంకూ ఈక్విటీ లోన్ ఇవ్వదు. అవసరం వచ్చిన రోజున ఆ డబ్బు గోడల్లో ఉంటుంది, మీ చేతిలో ఉండదు.

401కె లోన్ సంగతీ అంతే. ఉద్యోగం పోయాక మిగిలిన బాకీని, ఆ ఏడాది ట్యాక్స్ రిటర్న్ గడువులోపు వేరే డబ్బుతో సర్దకపోతే, దాన్ని ఆదాయంగా లెక్కేసి ట్యాక్స్ వేస్తారు. పైన 10 శాతం పెనాల్టీ. జీతం ఆగిన ఏడాదే ఈ బిల్లూ వస్తుంది.

నాన్నగారి అప్పు గురించి చదివినప్పుడు నాకు నిజంగా కోపం వచ్చింది. మీ మీద కాదు, "గిఫ్ట్ లెటర్ ఇస్తే చాలు" అని మీకు చెప్పినవాళ్ల మీద. గిఫ్ట్ లెటర్ అంటే ఈ డబ్బు తిరిగి ఇవ్వనక్కర్లేదని మీరూ నాన్నగారూ సంతకం పెట్టి చెప్పడం. మీరేమో నెలనెలా ఈఎంఐ కడతానంటున్నారు. అంటే అది అప్పు. అప్పును గిఫ్ట్ అని రాసి ఇంటి లోన్ తీసుకోవడం ఇక్కడ ఫెడరల్ నేరం. గ్రీన్ కార్డ్ లైన్‌లో నిలబడ్డ మనిషి అలాంటి కాగితం మీద సంతకం పెట్టొచ్చా? ఖమ్మంలో ఉన్న ఇల్లు మీ అమ్మానాన్నల వృద్ధాప్యానికి ఉన్న ఒకే ఆధారం అనుకుంటాను. మీ జీతం ఆగితే 54 వేల ఈఎంఐ పెన్షన్‌లోంచి ఎలా వస్తుంది? పైగా అక్కడి నుంచి ఏడాదిలో 10 లక్షలు దాటి పంపితే దాటినదాని మీద 20 శాతం టీసీఎస్ అనే పన్ను ముందే పట్టుకుంటారు. 25 లక్షలు పంపాలంటే మరో 3 లక్షలు ఆయన చేతిలో ఉండాలి. తర్వాత రిటర్న్‌లో సర్దుబాటు అవుతుంది, కానీ ఈ వయసులో ఆయన్ని ఆ తిప్పలెందుకు పెట్టడం?

ఫ్రెండ్స్ అందరూ కొనేశారన్నారు. మీ వాట్సాప్ గ్రూపులో కొని ఉండొచ్చు. అమెరికా మొత్తం చూస్తే అలా లేదు. సొంతింట్లో ఉండే కుటుంబాలు దేశంలో 65 శాతం దాకా ఉన్నాయి, కానీ 35 ఏళ్లలోపు వాళ్ల కుటుంబాల్లో అది 40 శాతం కూడా లేదు. 65 దాటినవాళ్లలో 80కి దగ్గరగా ఉంటుంది. మొదటి ఇల్లు కొనేవాళ్ల మధ్యస్థ వయసు 40కి చేరిందని రియల్టర్ల జాతీయ సంఘం 2025లో చెప్పింది. 1981లో వాళ్లు ఈ లెక్క మొదలుపెట్టినప్పుడు ఆ వయసు 30లోపే. కొనేవాళ్లలో మొదటిసారి కొంటున్నవాళ్లు ఇప్పుడు 21 శాతమే, ఆ సర్వే మొదలయ్యాక ఇంత తక్కువ ఎప్పుడూ లేదు. 34 ఏళ్లకు మీరు వెనకబడిపోలేదు.

ఎందుకిలా అయిందంటే, 2021 జనవరిలో 30 ఏళ్ల మార్ట్‌గేజ్ వడ్డీ 2.65 శాతానికి దిగింది, 2023 అక్టోబర్‌లో 7.79కి ఎక్కింది. 3 శాతంలో కుదుర్చుకున్నవాళ్లు ఇల్లు వదలరు, అమ్మకానికి ఇళ్లు రావు, ధర దిగదు. పాత ఇల్లు అమ్మిన డబ్బు ఉన్నవాళ్లు, తాతల ఆస్తి వచ్చినవాళ్లు క్యాష్‌తో కొంటున్నారు. తెల్లవాళ్లలో 70 శాతానికి పైగా సొంతింట్లో ఉంటే నల్లజాతి వాళ్లలో 45 శాతం దగ్గరే ఉండటానికి, తరతరాలుగా లోన్లు నిరాకరించి ఇంటి ఆస్తి లేకుండా చేయడం పెద్ద కారణం. మీకు ఇక్కడ పాత ఇల్లు లేదు, వారసత్వం లేదు. ఆ లోటును మూడు చోట్ల అప్పు చేసి పూడ్చుకోవాలని చూస్తున్నారు. అప్పుతో ఇళ్లకు ఎగబడిన 2004లో ఈ దేశంలో సొంతిళ్ల శాతం 69 దాటింది, 2016కి 63 కిందికి పడిపోయింది. ఆ మధ్యలో ఇళ్లు పోగొట్టుకున్న తెలుగు కుటుంబాలు నాకు తెలుసు.

నెల ఖర్చులో మరో రెండు విషయాలు మీ లెక్కలో కనబడలేదు. మొదటిది ప్రాపర్టీ ట్యాక్స్. ఆ మధ్య ఒక జంట ఎస్క్రో లెటర్ పట్టుకుని వచ్చారు. మడతలు పడి నలిగిన కాగితం, ఎన్నిసార్లు చదివారో. కొత్తింట్లోకి వచ్చి ఏడాది దాటింది. నెలకు 2,950 కడుతున్నవాళ్లను ఇకనుంచి 4,380 కట్టమంది ఆ లెటర్. మోసమేమీ లేదు. మొదటి ఏడాది జనవరి 1 నాటికి అక్కడ ఇల్లు లేదు, ఖాళీ స్థలం ఉంది. ట్యాక్స్ స్థలానికే వేశారు, ఎస్క్రో కూడా దాన్నిబట్టే పట్టారు. రెండో ఏడాది ఇంటి మొత్తం విలువకు ట్యాక్స్ వచ్చింది, తగ్గిన పాత బాకీనీ 12 నెలలకు పంచి కలిపారు. "మా దగ్గర ఆరు నెలల డబ్బు పక్కనుంది కాబట్టి నిద్రపోతున్నాం సార్" అందామె. మీ ఇంటికి 2.2 శాతం అనుకుంటే ట్యాక్స్ నెలకు 990. హోమ్‌స్టెడ్ మినహాయింపుకు (తామే ఉండే సొంతింటికి ట్యాక్స్ తగ్గింపు) అప్లై చేస్తే కొంత తగ్గుతుంది, మర్చిపోకండి.

రెండోది ఇన్సూరెన్స్. డాలస్ వైపు వడగళ్ల వాన మీకు తెలియనిది కాదు. అక్కడి పాలసీల్లో గాలి, వడగళ్ల నష్టానికి డిడక్టిబుల్ చాలాసార్లు ఇంటి కవరేజీలో 2 శాతం ఉంటుంది. 4 లక్షల 50 వేల కవరేజీకి 9 వేలు. రూఫ్ పోతే ముందు మీ జేబులోంచి పోయేది అది. 3 వేలు మిగుల్చుకున్న మనిషి ఏం చేస్తాడు? అలాగే ఆఫీసు ఇచ్చే లైఫ్ ఇన్సూరెన్స్ ఉద్యోగంతోనే పోతుంది. కొనే ముందే మీ పేరు మీద సొంత టర్మ్ పాలసీ ఉండాలి.

మీరు చేయాల్సింది చెబుతాను. ఈ ఇల్లు వదిలేయండి. 4 లక్షల 30 వేల లోపు ఇల్లు చూడండి, 10 శాతం కట్టండి, పీఎంఐ పడనివ్వండి. క్లోజింగ్‌తో కలిపి 55 వేలు అవుతుంది. మీరు చెప్పిన జీతంలో రెంట్, కారు, ఇంటి ఖర్చు పోను నెలకు 2,500 మిగల్చగలరు. 14 నెలల్లో 35 వేలు. ఇప్పుడున్న 68 వేలతో కలిపి లక్షా 3 వేలు. 55 వేలు కట్టాక చేతిలో 48 వేలు ఉంటాయి. కిస్తీ, ట్యాక్స్, ఇన్సూరెన్స్, కారు, పప్పూ ఉప్పూ అన్నీ కలిపి నెలకు 6,800 అనుకున్నా ఏడు నెలలు గడుస్తుంది. ఆరుకు తగ్గితే నేను ఒప్పుకోను. ఆ డబ్బు హై ఈల్డ్ సేవింగ్స్ అకౌంట్‌లో వేరే బ్యాంకులో ఉండాలి, స్టాక్స్‌లో కాదు.

ఈలోపు పెర్మ్ ముందుకు కదిలి గ్రీన్ కార్డ్ కోసం కంపెనీ వేసే ఐ-140 పిటిషన్ అప్రూవ్ అయితే మీ శ్రీమతి వర్క్ పర్మిట్‌కు అప్లై చేసుకోవచ్చు. రెండో జీతం వస్తే ఈ లెక్కంతా మారుతుంది. ఎఫ్‌హెచ్‌ఏ లోన్ (ప్రభుత్వ బీమాతో లెండర్లు ఇచ్చేది) గురించి ఎవరైనా చెబితే వినకండి, 2025 మే 25 నుంచి గ్రీన్ కార్డ్ లేనివాళ్లకు ఆ దారి మూసేశారు. బిల్డర్ వడ్డీ మొదటి ఏడాది 4.5 శాతం, రెండో ఏడాది 5.5 అని చూపించే కాగితంలో, పూర్తి వడ్డీ పడే మూడో ఏడాది కిస్తీ చూసి మాట్లాడండి.

బిల్డర్ కాంట్రాక్ట్ మీద ఇంకా సంతకం పెట్టలేదని మీ ఉత్తరం చూస్తే అనిపిస్తోంది. పెట్టకండి. బిల్డర్ల సొంత కాంట్రాక్టుల్లో చాలావాటికి వెనక్కి తగ్గే గడువు ఉండదు, బయానాగా కట్టిన ఎర్నెస్ట్ మనీ పోతుంది. ఈ రాత్రే ఖమ్మం ఫోన్ చేసి, ఇంటి కాగితాలు బ్యాంకుకు ఇవ్వొద్దని నాన్నగారికి చెప్పండి.