నాన్నగారి ప్రశ్నను దాటవేయకండి

వైద్యులు ఇక కొన్ని నెలలే అన్నాక మీ నాన్నగారు రాత్రిళ్లు నిద్రపట్టక ‘పోయాక ఏమైనా మిగులుతుందా?’ అని అడుగుతున్నారని, ఏమి చెప్పాలో తోచడం లేదని రాశారు. దయచేసి ‘అలాంటి మాటలు ఎందుకు నాన్నా’ అని మాత్రం అనకండి. ఆ ఒక్క మాటతో ఆయన ఒంటరివారైపోతారు.

కఠోపనిషత్తులో నచికేతుడనే బాలుడు యముణ్ణి మూడో వరంగా అడిగింది సరిగ్గా ఇదే. చనిపోయినవాడు ఉన్నాడని కొందరు, లేడని కొందరు అంటారు, ఏది నిజం? దేవతలకే ఇందులో సందేహం ఉండేది, మరో వరం కోరుకోమన్నాడు సాక్షాత్తు యముడు! 1896లో మదురైలో పదహారేళ్ల వేంకటరామన్, అంటే తర్వాతి రమణ మహర్షి, చావు భయం ముంచుకొస్తే ఎవరినీ పిలవలేదు. శవంలా బిగుసుకుని పడుకుని, ఊపిరి బిగబట్టి, పెదవులు మూసి, ఈ దేహం పోతే నేను పోతానా అని లోపలికే చూసుకున్నాడు. ఆత్మ ఉంటుందనే నేను నమ్ముతాను. రుజువు చూపలేను. మీకు ఆ నమ్మకం లేకపోతే నటించకండి, ఆయన ఇట్టే పసిగడతారు.

ముందు భయం దేనికో మెల్లగా అడగండి. తరచు ఆ ప్రశ్న వెనుక నొప్పి, ఆయాసం గురించిన బెంగ ఉంటుంది. అదే అయితే ఉపశమన వైద్యం, అంటే బాధను తగ్గించే పాలియేటివ్ కేర్, చేసే డాక్టరును కలవండి. తీవ్రమైన నొప్పికి మార్ఫిన్ ఉంది, ఆయాసానికీ తక్కువ మోతాదులో ఇస్తారు. అమ్మగారి గురించి దిగులైతే పింఛను, బ్యాంకు కాగితాలు ఆయన ఎదుటే సర్దండి. ఇవేవీ కాకపోతే, ఆయన ఏమనుకుంటున్నారో ఆయన నోటనే విని, మీ మనసులో ఉన్నదీ చెప్పండి.