నాన్నగారి కాలి పుండుకు నా చర్మం ఇవ్వవచ్చా?

మీరు రెండు సంగతులు అడిగారు. షుగరు ఉన్న నాన్నగారి పాదం పైభాగాన ఉన్న పుండుకు స్కిన్ గ్రాఫ్టింగ్, అంటే తొడ నుంచి పలుచని చర్మం పొర తీసి పుండు మీద వేయడం, చేయాలని డాక్టర్లు అన్నప్పుడు, ఆయన తొడ మీద ఇంకో గాయం చేయించడం ఎందుకు, నా చర్మం ఇవ్వకూడదా అన్నది మొదటిది. ఆపరేషను తరువాతి రోజులు ఎలా గడుస్తాయన్నది రెండోది. నేను డాక్టరును కాను. ఆరేళ్ల క్రితం మోటారుసైకిలు మీద నుంచి పడి, ఎడమ చీలమండకు పైన జానెడు మేర చర్మం ఊడిపోయి, ఇదే ఆపరేషను చేయించుకున్నవాణ్ణి.

మీ చర్మం ఆయనకు పనికిరాదు. మా అన్నయ్య కూడా అప్పుడు ఇదే మాట అన్నాడు. ఒకరి చర్మం మరొకరికి వేస్తే మొదట అతుక్కున్నట్టే కనిపించి, రెండు మూడు వారాల్లో శరీరం దానిని పరాయిదిగా గుర్తించి వదిలించుకుంటుంది. రక్తసంబంధం ఎంత దగ్గరిదైనా చాలదు, అచ్చం ఒకేలా ఉండే కవలలకు మాత్రమే మినహాయింపు. రెండో ప్రపంచ యుద్ధకాలంలో కాలిన గాయాలవారిని చూస్తూ బ్రిటిష్ శాస్త్రవేత్త పీటర్ మెడావర్ ఈ తిరస్కరణ రోగనిరోధక శక్తి చేసే పనేనని తేల్చారు, ఆ దారిలో సాగిన పరిశోధనకే 1960లో నోబెల్ బహుమతి పంచుకున్నారు. హైదరాబాదు ఉస్మానియా ఆసుపత్రిలో ఉన్నటువంటి స్కిన్ బ్యాంకుల్లో, మరణించినవారి నుంచి ఆరు గంటల లోపు తీసి భద్రపరిచే చర్మం కూడా ఒళ్లంతా కాలినవారికి కొద్ది వారాల పాటు కప్పుగా ఉపయోగపడుతుందే తప్ప శాశ్వతంగా నిలవదు.

తొడ గురించి అంత భయం అక్కర్లేదు. అక్కడ తీసేది సుమారు 0.2 నుంచి 0.4 మిల్లీమీటర్ల మందం ఉన్న పొర మాత్రమే. వెంట్రుకల కుదుళ్లు, చెమట గ్రంథులు కిందనే మిగిలి ఉంటాయి కనుక వాటి అంచుల నుంచి కొత్త చర్మం పుట్టుకొచ్చి రెండు మూడు వారాల్లో కప్పేస్తుంది. అయితే ఒక మాట ఎవరూ ముందుగా చెప్పరు: కాలి కంటే తొడే ఎక్కువ నొప్పి పెడుతుంది. ఫ్యాను గాలి తగిలినా మంటే. దానికి అంటుకుపోయిన గాజుగుడ్డను ఎవరినీ లాగనివ్వకండి. నాకు పద్ధెనిమిదో రోజున అదంతట అదే ఊడింది, అప్పటిదాకా లేచిన అంచులను నర్సమ్మగారు కత్తెరతో కత్తిరిస్తూ వచ్చారు.

అసలు విషయం తొడలో లేదు, పుండు అడుగున ఉంది. నన్ను పన్నెండు రోజులు ఊరికే పడుకోబెట్టారని మా ఇంట్లో అందరికీ కోపం వచ్చింది. సర్జనుగారు, ‘దమ్ము చేయని మడిలో నాటు వేస్తారా?’ అని అడిగాక గాని మాకు సంగతి అర్థం కాలేదు. అడుగు ఎర్రగా, గింజగింజగా, చీము లేకుండా తయారైతేనే చర్మం పట్టుకుంటుంది. పైపొర పోయి తెల్లగా బయటపడిన ఎముక మీద గాని, కండను ఎముకకు కలిపే, ఒట్టి నరంలా కనిపించే స్నాయువు మీద గాని అది బతకదు. అలాంటి చోట రక్తనాళాలతో సహా పక్క కండనో చర్మాన్నో తిప్పి కప్పే ఫ్లాప్ కావాలి. సుశ్రుతుడు చెంప చర్మంతో ముక్కు కట్టడాన్ని గ్రాఫ్టింగ్ అంటుంటారు గాని, నిజానికి అది ఈ ఫ్లాప్ కోవలోనిదే. మీ నాన్నగారి విషయంలో కాలికి రక్తం సరిగా అందుతోందో లేదో డాప్లర్ పరీక్ష చేశారా అని తప్పక అడగండి.

ఇక తిండి. పప్పు, గుడ్డు పెడితే చీము పడుతుందని మా అమ్మ నెల రోజులు చారన్నమే పెట్టాలని చూసింది. గాయం మానడానికి మాంసకృత్తులే ఆధారమని డాక్టరుగారు ఆమెను కూర్చోబెట్టి చెప్పిన తరువాత రోజుకు రెండు గుడ్లు దక్కాయి. మూత్రపిండాల ఇబ్బంది ఏమైనా ఉంటే మాత్రం ఎంత పెట్టాలో వారినే అడగండి.

ఆపరేషను తరువాత మొదటి ఐదు రోజులు కాలు కదలకూడదు. వేసిన చర్మానికి మొదటి రెండు రోజులు సొంత రక్తప్రసరణ ఉండదు. అడుగు నుంచి ఊరే ద్రవాన్నే పీల్చుకుంటూ బతుకుతుంది, ఆ తరువాతే సన్నని రక్తనాళాలు దానిలోకి పాకుతాయి. కింద రక్తం గడ్డకట్టినా, చర్మం వెంట్రుకవాసి జరిగినా ఆ పోగులు తెగిపోతాయి. నేను మూడో రోజు రాత్రి బెడ్‌పాన్‌కు సిగ్గుపడి, గోడ పట్టుకుని బాత్రూముకు నడిచాను. ఐదో రోజున సెలైన్‌తో తడిపి తడిపి కట్టు విప్పినప్పుడు, వలలా చిల్లులు పెట్టిన చర్మం అంతటా గులాబి రంగులో, వేలితో నొక్కితే తెల్లబడి మళ్లీ రంగు తిరుగుతూ ఉంది; కింది మూలన మాత్రం రూపాయి బిళ్లంత మేర నల్లగా కమిలింది. ఆ మూల మానడానికి మరో ఐదు వారాలు పట్టింది, తప్పు పూర్తిగా నాదే. కట్టు విప్పేటప్పుడు కొంచెం వాసన వస్తుంది, దానికే చెడిపోయిందని కంగారు పడకండి.

అంతా మానిన తరువాత ఆ చోట చర్మం పొడిబారుతుంది కాబట్టి కొబ్బరినూనె రాస్తూ, ఎండ తగలకుండా చూడండి. ఆయనను ఇంట్లో కూడా చెప్పులు లేకుండా తిరగనివ్వకండి. స్నానానికి నీళ్లు మీరే చేత్తో చూసి పోయండి. నా కాలి మీది ఆ జానెడు చోటికి ఇప్పటికీ వేడి సరిగా తెలియదు, చెమటా పట్టదు.