ఆట మొదలెట్టే ముందు మెనూ సంగతి చూసుకో తల్లీ

స్వాతీ,

పాత లాప్‌టాప్‌లో రెట్రోఆర్చ్ (పాత వీడియో గేములని కంప్యూటర్లో, ఫోన్లో ఆడించే ఎమ్యులేటర్ ప్రోగ్రామ్) ఎక్కించావనీ, పిల్లలు సెలవుల్లో ముస్తఫా అనే పాత కాయిన్ ఆట ఆడుతున్నారనీ, ఆట మధ్యలో మెనూ ఎలా తీయాలో తెలియక ప్రతిసారీ పవర్ బటన్ నొక్కి ఆపేస్తున్నాననీ రాశావు. ముందు ఆ పవర్ బటన్ జోలికి వెళ్లడం మానెయ్. రెట్రోఆర్చ్ మామూలుగా మూసుకునేటప్పుడే నువ్వు మార్చిన సెట్టింగులను ఫైల్లోకి రాసుకుంటుంది, కరెంటు తీసేసినట్టు ఆపేస్తే ఆ రాసుకునే పని జరగనే జరగదు. "ఎన్నిసార్లు మార్చినా నిలవడం లేదు పెదనాన్నా" అన్నావు కదా, కారణం చాలావరకు ఇదే. ఎమ్యులేటర్లో మెనూ అంటే ఏదో అదనపు హంగు అనుకోకు. సేవ్ చేయడం, సరిగ్గా మూయడం, బటన్లు మార్చడం, తెర సరిచేయడం అన్నీ దాని లోపలే ఉంటాయి. అందుకని ఏ ఆట పెట్టినా ముందు ఒకసారి మెనూలోకి వెళ్లి, తిరిగి ఆటలోకి వచ్చి చూసుకున్నాకే పిల్లల చేతికి ఇవ్వు.

కీబోర్డు మీద రెట్రోఆర్చ్ మెనూకి మీట ఎఫ్1. అది నొక్కినా రావట్లేదంటే నీ లాప్‌టాప్‌లో పై వరుస కీలు సౌండుకో, తెర వెలుగుకో పెట్టి ఉంటాయి, ఎడమ మూల ఉండే ఎఫ్ఎన్ మీట పట్టుకుని ఎఫ్1 నొక్కు, వస్తుంది. మళ్లీ అదే నొక్కితే ఆటలోకి వెళ్తావు. ఫోన్లో అయితే తెర మీద కనిపించే బటన్లలో రెట్రోఆర్చ్ బొమ్మ ఉన్నది ఒకటి ఉంటుంది, దాన్ని తాకాలి. మీ తమ్ముడు రాస్ప్‌బెర్రీ పై అనే చిన్న కంప్యూటర్ మీద రెట్రోపై (రెట్రోఆర్చ్‌తో కలిపి వచ్చే ఆటల సాఫ్ట్‌వేర్) పెట్టుకున్నాడుగా, వాడి దాంట్లో మామూలుగా సెలెక్ట్ పట్టుకుని ఎక్స్ బటన్, అంటే నాలుగు బటన్ల గుత్తిలో పైన ఉండేది. కొన్ని కంట్రోలర్ల మీద అక్షరాలు వేరే చోట్ల అచ్చు వేసి ఉంటాయి, కాబట్టి అక్షరం చూడకు, స్థానం చూడు.

సోఫాలో కూర్చుని ఆడే పిల్లలకి కీబోర్డు అందదు, కాబట్టి కంట్రోలర్ మీదే మెనూ రావాలి. సెట్టింగ్స్‌లో ఇన్‌పుట్, అందులో హాట్‌కీస్, అందులో మెనూ టాగుల్ కంట్రోలర్ కాంబో అని ఉంటుంది. దాన్ని తెరిస్తే ఏయే బటన్లు కలిపి నొక్కితే మెనూ రావాలో ఒక జాబితా ఇస్తుంది. నువ్వు దీంట్లో స్టార్ట్ రెండు సెకన్లు పట్టుకోవడం ఎంచుకున్నానన్నావు, చాలామంది అదే చేస్తారు, కానీ ముస్తఫా లాంటి ఆర్కేడ్ ఆటకి అది పనికిరాదు. నువ్వు వాడుతున్న ఫైనల్‌బర్న్ నియో కోర్‌లో (కోర్ అంటే రెట్రోఆర్చ్ లోపల ఆటని నడిపించే భాగం) స్టార్ట్ పట్టుకుని ఉంచితే ఆ ఆట బోర్డు తాలూకు టెస్ట్ మెనూ, అంటే షాపువాడు ఆటని అమర్చుకునే మెనూ, తెరుచుకుంటుంది. రెండూ ఒకే బటన్ మీద పడి ఆట మధ్యలో ఆ నల్లతెర టెస్ట్ మెనూ వచ్చి పిల్లలు కంగారు పడ్డారు, అంతే తప్ప కంట్రోలర్ పాడవలేదు, కొత్తది కొనకు.

డౌన్, సెలెక్ట్ కలిపి నొక్కడం కూడా వద్దు. ఆర్కేడ్ ఆటల్లో సెలెక్ట్ అంటే కాయిన్. ప్రాణాలు అయిపోయి కంగారుగా కాయిన్ వేసేటప్పుడు వేలు కిందికి నొక్కే ఉంటుంది, మెనూ వచ్చి పడుతుంది. అనలాగ్ స్టిక్కులు ఉన్న కంట్రోలర్ అయితే రెండు స్టిక్కుల్నీ లోపలికి నొక్కడం, అంటే ఎల్3, ఆర్3 పెట్టుకో. స్టిక్కులు లేని చవక యూఎస్‌బీ రకం అయితే ఎల్1, ఆర్1, స్టార్ట్, సెలెక్ట్ నాలుగూ కలిపి పెట్టు. పొరపాటున ఎవరూ నాలుగూ ఒకేసారి నొక్కరు, చిన్నదానికి కూడా నేర్పితే చేతులకి అలవాటైపోతుంది.

అదే పేజీలో హాట్‌కీ ఎనేబుల్ అని ఉంటుంది, దాని సంగతి కూడా చెప్తా. దానికి ఒక బటన్ ఇస్తే, అది పట్టుకుని ఉన్నప్పుడే కంట్రోలర్ మీది మిగతా షార్ట్‌కట్లు పనిచేస్తాయి. చాలామంది సెలెక్ట్ ఇస్తారు, అది మంచిదే. "మరి కాయిన్ పడదేమో" అని భయపడకు, సెలెక్ట్ చటుక్కున నొక్కి వదిలితే కాయిన్ పడేలా మొదటి కొద్ది ఫ్రేముల సమయం ఇచ్చే సెట్టింగు దాంట్లో ఉంది, మామూలుగా అయిదు ఫ్రేములు, అంటే సెకనులో పన్నెండో వంతు. పిల్లలు నెమ్మదిగా నొక్కుతారనిపిస్తే ఆ హాట్‌కీ ఎనేబుల్ డిలేని కొంచెం పెంచు.

మెనూలో ఓకే, వెనక్కి తారుమారుగా ఉన్నాయని విసుక్కున్నావు. రెట్రోఆర్చ్ లోపలి కంట్రోలర్ పాత సూపర్ నింటెండో అమరికని అనుసరిస్తుంది, అందులో కుడి పక్కది ఏ, కిందది బీ. ఎక్స్‌బాక్స్ రకం కంట్రోలర్లో సరిగ్గా దానికి తిరగబడి ఉంటుంది. ఇన్‌పుట్‌లోనే మెనూ కంట్రోల్స్‌లో ఓకే, క్యాన్సిల్ బటన్లు మార్చే మీట ఉంది, అది ఆన్ చెయ్. దీనికోసం పోర్ట్ 1 కంట్రోల్స్‌లోకి వెళ్లి ఏ, బీ లనే మార్చావంటే అన్ని ఆటల్లోనూ అవి మారిపోతాయి, మెనూలో కూడా మారతాయి, ఇంకా గందరగోళం అవుతుంది.

ఇక నేను అన్నిటికంటే గట్టిగా చెప్పదలచుకున్నది ఇది. ఏ సెట్టింగు మార్చినా "ఇది అన్ని ఆటలకీనా, ఈ కోర్‌కి మాత్రమేనా, ఈ ఒక్క ఆటకేనా" అని అడుక్కుని మార్చు. రెట్రోఆర్చ్ మూడింటినీ వేర్వేరు ఫైళ్లలో దాస్తుంది, ఒక్క ఆటకి దాచింది ఉంటే దాని మాటే చెల్లుతుంది, అది లేకపోతే కోర్‌ది, అదీ లేకపోతే అందరికీ ఉమ్మడిది. ఆట నడుస్తుండగా మెనూ తీస్తే వచ్చేది క్విక్ మెనూ. అందులో కంట్రోల్స్‌లోకి వెళ్లి బటన్లు మార్చుకుని, మేనేజ్ రీమ్యాప్ ఫైల్స్‌లో సేవ్ గేమ్ రీమ్యాప్ ఫైల్ నొక్కితే ఆ మార్పు ఆ ఆటకే ఉంటుంది, మెనూ బటన్లకి ఏమీ కాదు. ముస్తఫాలో కొట్టే బటనూ దూకే బటనూ మార్చుకోవాలని పెద్దాడు అడిగాడు కదా, వాడికి ఇక్కడే మార్చివ్వు, మిగతా ఆటలు చెడవు. తెర పరిమాణం, సౌండు లాంటివి ఒక్క ఆటకే వేరుగా కావాలంటే అదే క్విక్ మెనూలో ఓవర్‌రైడ్స్ అని ఉంటుంది, మార్చాక సేవ్ గేమ్ ఓవర్‌రైడ్స్ నొక్కాలి. కోర్ ఆప్షన్లకి మళ్లీ వాటి సొంత చోటు, మేనేజ్ కోర్ ఆప్షన్స్‌లో సేవ్ గేమ్ ఆప్షన్స్. మూడు చోట్ల మూడు రకాల సేవ్ ఎందుకు పెట్టారో అని నీకు చిరాకు రావచ్చు, కానీ వందల ఆటలు పెట్టుకున్నాక ఈ విభజనే నిన్ను కాపాడుతుంది.

దీనికి నేను పాటించే పద్ధతి ఒకటుంది. అందరికీ వర్తించేవి మార్చాలంటే ఆటని మూసేసి, మెయిన్ మెనూలో ఉండగా మార్చు, తర్వాత కాన్ఫిగరేషన్ ఫైల్‌లో సేవ్ కరెంట్ కాన్ఫిగరేషన్ నొక్కు. ఒక్క ఆటకి వర్తించేవి ఆ ఆట నడుస్తుండగా మార్చి అక్కడే దాచు. ఓవర్‌రైడ్ ఉన్న ఆట నడుస్తుండగా ఉమ్మడి సెట్టింగు మార్చావో, అది ఎక్కడికి పోయిందో వెతుక్కుంటూ కూర్చోవాలి.

ఆ టెస్ట్ మెనూ గురించి కూడా చెప్పాలి, ఎందుకంటే నేను షాపు నడిపిన రోజుల్లో రోజూ దాంతోనే పని. ముస్తఫా అసలు పేరు క్యాడిలాక్స్ అండ్ డైనోసార్స్, 1993లో క్యాప్‌కామ్ తెచ్చింది, ముగ్గురు కలిసి ఆడొచ్చు. అంతకుముందు 1991లో వచ్చిన స్ట్రీట్ ఫైటర్ 2 బోర్డు మీద చిన్న చిన్న డిప్ స్విచ్‌లు ఉండేవి, పెన్ను మొనతో పైకీ కిందికీ నెట్టి ఒక కాయిన్‌కి ఎన్ని క్రెడిట్లు, ఆట ఎంత కష్టం అనేవి మార్చేవాళ్లం. ముస్తఫా బోర్డుకి ఆ పని లేదు, అవన్నీ టెస్ట్ మెనూలో మార్చుకుంటే బోర్డు మీది ఒక చిన్న మెమరీ చిప్ గుర్తుపెట్టుకునేది. ఎమ్యులేటర్ ఈ రెండు పద్ధతుల్నీ అలాగే ఉంచింది, అందుకే స్ట్రీట్ ఫైటర్‌కి డిప్ స్విచ్‌లు కోర్ ఆప్షన్లలో కనిపిస్తాయి, ముస్తఫాకి టెస్ట్ మెనూలోకే వెళ్లాలి. చిన్నపిల్లలు ఆడుతున్నారు కాబట్టి ఒకసారి కావాలనే అందులోకి వెళ్లి కాన్ఫిగరేషన్‌లో కష్టం తగ్గించు, బయటికి రావడానికి అందులోనే ఎగ్జిట్ ఉంటుంది. పని అయ్యాక కోర్ ఆప్షన్లలో డయాగ్నొస్టిక్ ఇన్‌పుట్ అనే చోట స్టార్ట్ పట్టుకోవడం తీసేసి పిల్లలు నొక్కలేని వేరే కలయిక పెట్టు. డిప్ స్విచ్ మార్చినప్పుడు మాత్రం క్విక్ మెనూలో రీస్టార్ట్ కొట్టు, చాలా ఆటలు మొదలయ్యేటప్పుడే వాటిని చదువుకుంటాయి.

సేవ్ స్టేట్ దగ్గర, అంటే ఆటని ఆ క్షణంలో ఉన్నది ఉన్నట్టు దాచుకునే దాని దగ్గర, కొంచెం జాగ్రత్త. కీబోర్డులో ఎఫ్2 సేవ్, ఎఫ్4 లోడ్, ఎఫ్6, ఎఫ్7 స్లాట్ మార్చడానికి. ముస్తఫాలో ఎక్కడికక్కడ ఇలా ఆపుకోవచ్చు, ఇబ్బంది లేదు. కానీ ఆటలోనే సేవ్ చేసుకునే రకం పెద్ద ఆటల్లో ఆట సేవ్‌నే నమ్ముకో, స్టేట్‌ని పక్కన అదనంగా ఉంచుకో. పాత స్టేట్ లోడ్ చేస్తే దాంతోపాటు ఆనాటి సేవ్ కూడా వెనక్కి వచ్చి, నిన్న ఆడి సేవ్ చేసుకున్నది చెరిగిపోయే ప్రమాదం ఉంది. దాన్ని ఆపే సెట్టింగు సేవింగ్‌లో ఉంది, సేవ్ ర్యామ్‌ని, అంటే ఆట సేవ్‌ని, మార్చవద్దు అనే అర్థంలో ఉంటుంది, ఆన్ చేసుకో. కోర్ మార్చినా, కోర్ కొత్త వెర్షన్ ఎక్కించినా పాత స్టేట్లు తెరుచుకోకపోవచ్చు, ఆట సేవ్‌కి ఆ బాధ చాలా తక్కువ.

మీ నాన్నకి మెనూ అక్షరాలు కనబడటం లేదని రాశావు. యూజర్ ఇంటర్‌ఫేస్‌లో అప్పియరెన్స్‌లోకి వెళ్తే స్కేల్ ఫ్యాక్టర్ ఉంటుంది, అక్షరాలు చదవగలిగేంత పెంచు, రంగుల థీమ్ కూడా అక్కడే. మెనూ రూపమే నచ్చకపోతే డ్రైవర్స్‌లో మెనూ అనేదాన్ని మార్చొచ్చు. కంప్యూటర్‌లో మామూలుగా వచ్చేది ఓజోన్, ఫోన్లలో తాకడానికి వీలుగా ఉండే జీఎల్‌యూఐ, పాత బలహీనమైన యంత్రాలకి ఆర్‌జీయూఐ. మార్చాక రెట్రోఆర్చ్ మూసి మళ్లీ తెరవాలి. నీ లాప్‌టాప్ పాతది కదా, మెనూ తడబడుతుంటే ఆర్‌జీయూఐ పెట్టి చూడు, చూడ్డానికి మొరటుగా ఉన్నా తేలిగ్గా నడుస్తుంది.

తర్వాత యూజర్ ఇంటర్‌ఫేస్‌లోనే మెనూ ఐటమ్ విజిబిలిటీలో క్విక్ మెనూ తెరిచి, ఇంట్లోవాళ్లకి అక్కర్లేనివన్నీ ఆఫ్ చెయ్. రెజ్యూమ్, సేవ్ స్టేట్, లోడ్ స్టేట్, క్లోజ్ కంటెంట్ ఉంటే చాలు. ఇరవై వరుసలు ఉన్న మెనూలో మీ నాన్న ఎక్కడ నొక్కాలో తెలియక ఆగిపోతారు, నాలుగే ఉంటే ఎవర్నీ అడగక్కర్లేదు. మెనూ తెరిచినప్పుడు ఆట ఆగాలనే సెట్టింగు ఆన్‌లో ఉందో లేదో కూడా చూసుకో.

మీ తమ్ముడు వేరే ఎమ్యులేటర్లు కూడా ఎక్కిస్తానన్నాడట, అక్కడ అలవాట్లు వేరు. విడిగా ఎక్కించే మేమ్ అనే ఆర్కేడ్ ఎమ్యులేటర్లో మెనూకి ట్యాబ్ మీట, టెస్ట్ మెనూకి ఎఫ్2, ఎస్కేప్ నొక్కితే ఏకంగా ఆట మూసుకుపోతుంది. పీఎస్‌పీ ఆటలు ఆడించే పీపీఎస్‌ఎస్‌పీపీలో అదే ఎస్కేప్ నొక్కితే మెనూ వస్తుంది, ఫోన్లో బ్యాక్ బటన్, ఒక ఆటకి మాత్రమే సెట్టింగులు కావాలంటే ఆట బొమ్మ మీద వేలు పెట్టి ఉంచితే క్రియేట్ గేమ్ కాన్ఫిగ్ వస్తుంది. మేమ్‌లో కూడా బటన్లు మార్చేటప్పుడు అన్నిటికీనా, ఈ యంత్రానికేనా అని రెండు వేర్వేరు పేజీలు ఉంటాయి, చూసి నొక్కమను.

మార్చుతూ మార్చుతూ ఏ బటన్‌తోనూ మెనూ రాని పరిస్థితి వచ్చిందనుకో, టెన్షన్ పడకు. రెట్రోఆర్చ్ పూర్తిగా మూసి, దాని ఫోల్డర్లో ఉండే రెట్రోఆర్చ్.సీఎఫ్‌జీ అనే ఫైలుని నోట్‌ప్యాడ్‌లో తెరిచి, మెనూ టాగుల్ అని ఉన్న వరుసలో మళ్లీ ఎఫ్1 రాసి దాచు. ప్రోగ్రామ్ తెరిచి ఉండగా మార్చకు, మూసేటప్పుడు నువ్వు రాసిన దాని మీద తన పాతదే రాసేస్తుంది. అన్నీ సరిగ్గా కుదిరిన రోజున ఆ ఫైలుని, దాంతోపాటు కాన్ఫిగ్ ఫోల్డర్‌ని పెన్‌డ్రైవ్‌లో కాపీ చేసి పెట్టు. ఆ తర్వాతే కియోస్క్ మోడ్ ఆన్ చెయ్, అది సెట్టింగుల పేజీలన్నిటినీ దాచేస్తుంది, పిల్లలు ఏం నొక్కినా నీ అమరిక చెడదు. దానికి పాస్‌వర్డ్ పెట్టి మీ నాన్నకి కూడా చెప్పి ఉంచు, నువ్వు ఊళ్లో లేనప్పుడు ఏదైనా మార్చాల్సి వస్తే ఆయనే తీయగలగాలి. నీ కంట్రోలర్ ఫోటో ఒకటి పంపు, స్టిక్కులు ఉన్నాయో లేవో చూసి మెనూకి ఏ బటన్లు పెట్టాలో ఫోన్లో చెప్తాను.

పెదనాన్న