ఆధునిక వాస్తుశిల్ప చరిత్ర: ముందు ఏ పుస్తకం?

ప్రశ్న: బీఆర్క్ రెండో ఏడాది చదువుతున్నాను. కెన్నెత్ ఫ్రాంప్టన్ ‘మోడర్న్ ఆర్కిటెక్చర్: ఎ క్రిటికల్ హిస్టరీ’ మొదలుపెట్టి మధ్యలో ఆపేశాను. ఏది ముందు చదవాలి? పాత ఎడిషన్ కొంటే నష్టమా?
- ఒక విద్యార్థిని, విజయవాడ

జవాబు: ఫ్రాంప్టన్‌ది (1980) చిన్న అధ్యాయాల్లో చాలా విషయం కుక్కిన పుస్తకం. భవనాలు ముందే తెలిసినవారికే అది పట్టుబడుతుంది. మీరు విలియం కర్టిస్ ‘మోడర్న్ ఆర్కిటెక్చర్ సిన్స్ 1900’తో మొదలుపెట్టండి. 1982 నాటి తొలి ముద్రణ వద్దు, బాగా విస్తరించిన 1996 మూడో ఎడిషన్ తీసుకోండి. చండీగఢ్ నగర నిర్మాణం, మన వాస్తుశిల్పి బి.వి. దోషీల గురించీ అందులో ఉంది. ఫ్రాంప్టన్‌కు మాత్రం 2020 ఐదో ఎడిషనే మేలు. ఐరోపా, అమెరికాల బయటి దేశాలకు అందులో పెద్ద భాగమే చేర్చారు.

తర్వాత పెవ్స్‌నర్ ‘పయనీర్స్ ఆఫ్ మోడర్న్ డిజైన్’ (తొలి ముద్రణ 1936), బానమ్ ‘థియరీ అండ్ డిజైన్ ఇన్ ద ఫస్ట్ మెషీన్ ఏజ్’ (1960) పుస్తకాలు జంటగా చదవాలి. పెవ్స్‌నర్ 19వ శతాబ్దపు ఆంగ్ల డిజైనర్ విలియం మోరిస్ నుంచి జర్మన్ వాస్తుశిల్పి గ్రోపియస్ దాకా ఒకే తిన్నని గీత గీశారు. ఆ గీతలో యంత్రాలనూ వేగాన్నీ కొనియాడిన ఇటలీ ఫ్యూచరిస్టులకు చోటు దక్కలేదు. ఆ లోటు తీర్చింది ఆయన దగ్గరే పరిశోధన చేసిన బానమ్. ఒక్కటే చదివితే చరిత్ర అలాగే నడిచిందని నమ్మేస్తాం.

ఫొటోలు చూసి పేజీ తిప్పేయకండి. లె కార్బూజియే రూపొందించిన విలా సవోయ్ అనే ఇంటి ప్లాన్‌ను 1:100 స్కేలులో మీరే గీయండి. స్తంభాల మధ్య దూరం 4.75 మీటర్లు, అంటే కాగితం మీద 47.5 మి.మీ. ర్యాంపు దగ్గరికి రాగానే స్తంభాలు ఆ వరస తప్పుతాయి. ఎందుకో గీస్తున్నప్పుడే తెలుస్తుంది.