ఆరో బొమ్మ ఎన్ని వేశారో అడగండి

మీ ప్రశ్న ఇది కదా: "మా దగ్గర సూపర్ మార్కెట్‌లో 500 బిల్లుకి ఒక స్టిక్కర్ ఇస్తున్నారు, సెట్టు పూర్తయితే స్కూటర్ అంటున్నారు, ఇవి ఎలా పనిచేస్తాయి, అసలు ఎవరికైనా వస్తాయా?"

వస్తాయి. కానీ మీరు ఎన్ని స్టిక్కర్లు పోగుచేశారన్నదాన్ని బట్టి రావు. సెట్టులో ఆరు బొమ్మలుంటే, వాటిలో అరుదైనది ఒక్కటే ఉంటుంది, అంతా దాని మీదే నడుస్తుంది. ఆ బొమ్మ ఎన్ని వేశారు, ఇప్పుడు ఎవరి దగ్గర ఉంది అనేది తెలిస్తే ఆ ఆఫర్ సంగతి మొత్తం తెలిసినట్టే. మిగతా బొమ్మలకి అయ్యేది కాగితం ఖర్చే.

ఇంత గట్టిగా ఎందుకు చెప్తున్నానంటే, పెళ్లికి ముందు నేను విజయవాడ గవర్నర్‌పేటలో ఒక ఆఫ్‌సెట్ ప్రెస్‌లో డీటీపీ, అంటే కంప్యూటర్‌లో పేజీలు కూర్చే పని, చేశాను. శుభలేఖలు, క్యాలెండర్లు, బిల్లు బుక్కులు, దసరా ముందు షాపుల పాంప్లెట్లు, వాటితోపాటు ఇలాంటి కూపన్ల పనులు కూడా వచ్చేవి. మామూలు బొమ్మలన్నీ ఒకే షీట్‌లో పక్కపక్కన పేర్చి ప్లేటు చేయిస్తాం. మెషిన్ మీద ఎన్ని వేల షీట్లు తిరిగితే ఒక్కో బొమ్మా అన్ని వేలు వస్తుంది. ఆ ఒక్క బొమ్మ మాత్రం ఆ షీట్‌లో ఉండదు. దాన్ని విడిగా, పదో పాతికో, ఆర్డరిచ్చిన షాపు తరఫు మనిషి మెషిన్ పక్కన నిలబడి ఉండగా వేసి, చెడిపోయిన షీట్లు కూడా లెక్కపెట్టి ఆయన ముందే చింపేసి, మంచివి కవర్లో పెట్టి సీలు వేసి ఇచ్చేవాళ్లం. కొందరు వెనక నంబరు వేయించుకునేవాళ్లు, కొందరు ఒక్కోదాని మీదా సంతకం పెట్టుకునేవాళ్లు. ప్రెస్ పని అంతటితో సరి. ఆ కవర్లోవి ఆ తర్వాత ఏ స్టిక్కర్ల కట్టలో కలుస్తాయో, అసలు కలుపుతారో లేదో మాకు తెలిసేది కాదు. కౌంటర్లో బిల్లు కొట్టే అమ్మాయికి అసలే తెలియదు.

ఇప్పుడు లెక్క చూడండి. ఆరు బొమ్మలూ సమానంగా వేస్తే సగటున పదిహేను స్టిక్కర్లకల్లా సెట్టు పూర్తవుతుంది, ఇంటర్‌లో చెప్పిన ప్రాబబిలిటీతో ఎవరైనా కట్టగల లెక్కే ఇది. అలా వేస్తే ఊళ్లో సగం మందికి స్కూటర్లు ఇవ్వాలి. అందుకని ఐదు సమానంగా వేసి ఆరోది ఆపుతారు. ఆ ఐదు రావడానికి సగటున పదకొండు పన్నెండు స్టిక్కర్లు చాలు, అంటే 500 చొప్పున 6,000 రూపాయల సరుకులు, మామూలు ఇంటికి నెలా నెలన్నర. అందువల్ల నెల తిరిగేసరికి ఊళ్లో అందరి దగ్గరా ఐదు ఉంటాయి, అందరికీ "ఇంకొక్కటే" అనే టెన్షన్ మొదలవుతుంది. నిజానికి ఆరోది పదివేలలో ఒకటి అనుకుంటే, మీ దగ్గర ఐదున్నా, ఒక్కటీ లేకపోయినా, రేపు తీసుకోబోయే స్టిక్కర్‌లో అది ఉండే అవకాశం పదివేలలో ఒకటే. ఐదు వచ్చాయి కాబట్టి దగ్గరికొచ్చేశాం అనిపిస్తుందే, అది మాత్రం శుద్ధ అబద్ధం.

ఇది మా అపార్ట్‌మెంట్‌లో కళ్లారా చూశాను. మేం ఇప్పుడు గుంటూరు బ్రాడీపేటలో ఉంటున్నాం. కొన్నేళ్ల కిందట సంక్రాంతికి మా దగ్గర ఒక సూపర్ మార్కెట్ వాళ్లు ఇలాంటిదే పెట్టారు, పేరు అనవసరం. భోగిమంట, గొబ్బెమ్మ, గాలిపటం, చెరుకుగడ, హరిదాసు, గంగిరెద్దు. అంటించుకోవడానికి ఒక చిన్న పుస్తకం కూడా ఇచ్చారు, చాలా అందంగా వేశారు, ఆ మాట ఒప్పుకోవాలి. మూడో అంతస్తు పిన్నిగారు రిటైరైన టీచరు, కందిపప్పు, చింతపండు, ఎండుమిరపకాయలు ఎప్పుడూ పట్నంబజార్‌లో బేరమాడి తెచ్చుకునే మనిషి. అలాంటావిడ ఆ సీజన్ మొత్తం పప్పుతో సహా ఆ సూపర్ మార్కెట్‌లోనే కొన్నారు. మా ఎదురు ఫ్లాట్ అక్క బిల్లు 460 అయితే 500 చేయడానికి ఏదో ఒక బిస్కెట్ ప్యాకెట్, చాక్లెట్, ఇంట్లో ఎవరూ వాడని రూమ్ స్ప్రే తెచ్చేది. పిల్లల సంగతి చెప్పక్కర్లేదు, స్కూల్ నుంచి రాగానే "అమ్మా, ఇవాళ షాపుకెళ్లావా" అని ఒకటే గోల.

నాకు అందరికంటే బాధనిపించింది మా వాచ్‌మన్ భార్య విషయంలో. ఆమెకి ఒక్కసారిగా 500 సరుకులు కొనే వీలెక్కడిది? మా ఇళ్లకి సంచులు మోసుకొచ్చి పెడుతూ, "అక్కా, నీకు రెండోసారి వచ్చిన బొమ్మ ఉంటే నాకివ్వవా" అని అడిగి తీసుకుని పుస్తకంలో అంటించుకునేది. కొడుకు కాలేజీకి వెళ్లడానికి బండి కావాలని ఆమె ఆశ.

కనుమ సాయంత్రం పిన్నిగారింట్లో అందరం చేరాం. ఎవరి దగ్గర ఎక్కువున్నవి వాళ్లు తెచ్చి కలిపేసి, మన అపార్ట్‌మెంట్‌కి ఒక్క సెట్టయినా చేద్దాం, వచ్చింది వాచ్‌మన్ కొడుక్కి ఇద్దాం అని పిన్నిగారి ఆలోచన. డైనింగ్ టేబుల్ మీద బొమ్మకొక స్టీలు పళ్లెం పెట్టారు. గొబ్బెమ్మల పళ్లెం నిండింది, గాలిపటాలు నిండాయి, హరిదాసులు పక్కకి జారుతున్నాయి. గంగిరెద్దు పళ్లెంలో ఒక్క కాగితం ముక్క లేదు. ఇన్ని ఇళ్లు, ఇన్ని వారాల సరుకులు, ఒక్కటంటే ఒక్కటి లేదు. అది చూడగానే నాకు ప్రెస్‌లో ఆ విడి షీట్ గుర్తొచ్చింది, జరిగింది మొత్తం వాళ్లకి చెప్పాను.

"అయితే మన అదృష్టం కాదంటావా అమ్మాయ్?" అన్నారు పిన్నిగారు.

"కాదండీ, అది ఎన్ని వేశారనేదే లెక్క."

మర్నాడు ఆవిడ నన్ను వెంటబెట్టుకుని నేరుగా మేనేజర్ దగ్గరికే వెళ్లారు. గంగిరెద్దులు ఎన్ని వేశారు బాబూ అంటే హెడ్డాఫీసు వాళ్లు చూసుకుంటారు మేడమ్ అన్నాడు. ఎవరికైనా వచ్చిందా అంటే విజయవాడ బ్రాంచ్‌లో ఎవరికో వచ్చిందట అన్నాడు. పేరు అంటే తెలియదు, ఫొటో ఉందా అంటే లేదు. వారం తిరక్కుండా ఆ బ్యానర్ తీసేసి ఇంకో ఆఫర్ బ్యానర్ కట్టారు. ఎవరికి వచ్చిందో ఇప్పటిదాకా మాకెవరికీ తెలియదు. ఆ పిల్లాడు ఇప్పటికీ బస్సులోనే వెళ్తున్నాడు.

మీరు అనుకోవచ్చు, పెద్ద కంపెనీలైతే ఇలా ఉండదు కదా అని. అమెరికాలో మెక్‌డొనాల్డ్స్ వాళ్లు 1987లో మోనోపొలీ అనే, స్థలాలు కొనే బోర్డు ఆట పేరుతో సరిగ్గా ఇదే పెట్టారు, ఒక రంగు స్థలాల ముక్కలన్నీ కూడితే బహుమతి. పార్క్ ప్లేస్ అనే ముక్క ఎవరికి పడితే వాళ్లకి వచ్చేది, దాని జత బోర్డ్‌వాక్ మాత్రం దొరికేది కాదు. ఆ అరుదైన ముక్కలు భద్రంగా చేర్చే బాధ్యత జెరోమ్ జాకబ్సన్ అనే మాజీ పోలీసుది, ఆట నడిపే మార్కెటింగ్ సంస్థలో సెక్యూరిటీ ఆయన చేతిలో ఉండేది. ఆయనే వాటిని దొంగిలించి తెలిసినవాళ్లకి, వాళ్లకి తెలిసినవాళ్లకి అమ్ముకున్నాడు. 1989 నుంచి 2001 దాకా, 2.4 కోట్ల డాలర్ల బహుమతులు. తనిఖీకి వెంట వచ్చే ఆడిటరు ఆడమనిషి కాబట్టి ఎయిర్‌పోర్టులో మగవాళ్ల బాత్రూమ్‌లోకి వెళ్లి కవరు విప్పి ముక్కలు మార్చేసేవాడు. 2001 ఆగస్టులో అక్కడి దర్యాప్తు సంస్థ ఎఫ్‌బీఐ వాళ్లు పట్టుకునేదాకా కోట్ల మంది జనం నమ్మకంగా ముక్కలు పోగుచేస్తూనే ఉన్నారు. అంత కాపలా ఉన్న చోటే అలా జరిగితే, మన దగ్గర ఒక కవరు ఒక టేబుల్ సొరుగులో ఉంటే అడిగేదెవరు?

ఒక్క మంచి విషయం మాత్రం అక్కడిది చెప్పాలి. ఆల్బర్ట్‌సన్స్, సేఫ్‌వే లాంటి కిరాణా దుకాణాల గొలుసులు కూడా మోనోపొలీ పేరుతో ఇలాంటివి నడిపాయి. వాటి రూల్స్‌లో ఏ ముక్క అరుదైనది, వచ్చే అవకాశం ఎంతలో ఎంత అని రాసి ఉంటుంది, ఏమీ కొనకుండా పోస్టులో రాసి ముక్క తెప్పించుకునే దారి కూడా ఉంటుంది, ఎందుకంటే డబ్బు తీసుకుని అదృష్టం మీద బహుమతి ఇస్తే అక్కడ అది షాపులు నడపకూడని లాటరీ కిందికి వస్తుంది. మన పాంప్లెట్ మీద "షరతులు వర్తిస్తాయి" అని చీమ తలకాయంత అక్షరాలు. ఆ షరతులు ఎక్కడున్నాయో చూపించమంటే చూపించేవాడుండడు.

మన దగ్గర కూడా చట్టం లేక కాదు. 2019 వినియోగదారుల రక్షణ చట్టం 2020 జులై 20 నుంచి అమల్లో ఉంది. బహుమతుల స్కీమ్ ముగిశాక తుది ఫలితాలు పాల్గొన్నవాళ్లకి చెప్పకుండా దాచడం అందులో అనుచిత వ్యాపార పద్ధతి కింద ఉంది. వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కి ఫోన్ చేయొచ్చు, జిల్లా వినియోగదారుల కమిషన్‌లో వేస్తే 5 లక్షల లోపు విలువకి ఫీజు కూడా లేదు. మరి ఎవరూ ఎందుకు వేయరు? పోయింది ఒక రూమ్ స్ప్రే డబ్బులే కదా అని ఊరుకుంటాం. ఊళ్లో అందరూ అలా ఊరుకునేసరికే వాళ్లకి ధైర్యం.

షాపు వైపు లెక్క కూడా ఒకటి వేసి చూపిస్తాను. 20,000 స్టిక్కర్లు పంచారనుకోండి, ఒక్కోటి 500 బిల్లుకి అంటే కోటి రూపాయల అమ్మకం. స్కూటర్ లక్ష అనుకుంటే నూటికి రూపాయి. కందిపప్పు మీద కిలోకి రెండు రూపాయలు తగ్గిస్తే ఎవరూ గమనించరు. స్కూటర్‌ని మాత్రం గుమ్మం ముందు రిబ్బన్ కట్టి నిలబెడితే పిల్లలు ఎక్కి కూర్చుంటారు. ఇక "ఈ కంపెనీ సబ్బు కొంటే రెండు స్టిక్కర్లు" అంటే ఆ ఖర్చు సబ్బు కంపెనీ పెట్టుకుంటుందన్నమాట. స్టిక్కర్ కావాలంటే ఫోన్ నంబర్ చెప్పాలి అనడం ఒకటి, దాంతో సంవత్సరం పొడుగునా మెసేజ్‌లు. పాల ప్యాకెట్ కొన్నా నంబరే అడుగుతున్నారు, ఎందుకసలు?

అన్ని పోగుచేసే ఆఫర్లూ ఒకటే అని నేననను. అంకెలు పోగుచేసేవి వేరు, బొమ్మలు పోగుచేసేవి వేరు. 1999లో ఇంగ్లండ్ వరల్డ్ కప్‌కి బ్రిటానియా వాళ్లు రేపర్ల మీద పరుగులు వేసి వంద పోగుచేసి తెమ్మన్నారు, మా ఈడు వాళ్లందరికీ గుర్తుంటుంది. ఏ రేపరైనా పరుగులే, ఏదీ దాచింది లేదు, వంద చేస్తే ఆ వందకి ఇవ్వాల్సింది ఇస్తారు, ఆ పైన ఇంగ్లండ్ వెళ్లడం అదృష్టం. అలాంటివైతే నిశ్చింతగా ఆడండి. బొమ్మలూ, అక్షరాలూ, ముక్కలూ అయితే వాటిలో ఒకటి దాచారనే అనుకోండి.

స్టిక్కర్ మీద సన్నగా ఒక కోడ్ ఉంటుంది, దాన్ని గీకేయకండి, అది లేకపోతే బొమ్మ చెల్లదంటారు. 1992లో ఫిలిప్పీన్స్‌లో పెప్సీ వాళ్లు 349 నంబర్ మూతకి పది లక్షల పెసోలు అని ప్రకటిస్తే, పొరపాటున ఆ నంబరున్న మూతలు లక్షల్లో బయటికొచ్చి ఉన్నాయి. సెక్యూరిటీ కోడ్ సరిపోలేదని కంపెనీ ఆ బహుమతి ఇవ్వనంది, గొడవలై లారీలు తగలబెట్టారు.

నిజంగా తగిలితే పన్ను ఉంటుంది. 10,000 దాటిన బహుమతి మీద 30 శాతం, వస్తువు రూపంలో ఇచ్చినా సరే, ఆ పన్ను కట్టాకే ఇచ్చేవాళ్లు చేతికివ్వాలి. ఈ ముక్క పట్టుకునే దొంగలు ఫోన్లు చేస్తారు, మీకు కారు తగిలింది, ముందు ట్యాక్స్ పంపండి అని. మీరు పాల్గొన్న షాపుకి నేరుగా వెళ్లి, కాగితం మీద రాసిచ్చాకే కట్టండి. డబ్బు పోయిందనుకుంటే వెంటనే సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయాలి. నెలకి వెయ్యి కట్టు, డ్రాలో పేరొస్తే మిగతా వాయిదాలు కట్టక్కర్లేదు అనే స్కీములు మాత్రం అసలు ముట్టుకోకండి, అలాంటి ప్రైజ్ చిట్లని 1978లోనే చట్టం చేసి నిషేధించారు, అయినా సందుసందుకీ ఉన్నాయి.

మీ స్కూటర్ సంగతికొస్తే, ఎలాగూ కొనే సరుకులకి స్టిక్కర్ ఇస్తే తీసుకోండి, దానికోసం బిల్లు మాత్రం పెంచకండి. అరుదైన బొమ్మ ఎన్ని వేశారు, ఏయే బ్రాంచ్‌లకి వెళ్లాయి, గెలిచినవాళ్ల పేరు ఎప్పుడు ఎక్కడ అంటిస్తారు అని మేనేజర్‌ని అడిగి రాయించుకోండి. కౌంటర్లో అమ్మాయిల మీద అరవకండి, దయచేసి. రోజంతా నిలబడి బిల్లులు కొట్టే పిల్లలు, "ఎప్పుడూ ఇదే బొమ్మ ఇస్తావేంటి" అని పెద్దవాళ్లు వాళ్లని తిట్టడం మా దగ్గర చాలాసార్లు చూశాను, వాళ్ల చేతిలో ఏమీ లేదు. మీ దగ్గర ఆ పాంప్లెట్ ఉంటే రెండు వైపులా ఫొటో తీసి పెట్టండి, బహుమతుల సంఖ్య ఎక్కడైనా రాశారేమో చూసి చెప్తాను.